పలుకు నేర్చిన యంత్రము

మన సాహిత్యము కంటికంటె ముందు చెవికి చుట్టము. తాటాకుపై వ్రాసిన పురాణమును ఊరంతయు చదువలేదు. ఒకరు చదువగా ఊరంతయు విన్నది. రామాలయపు అరుగుమీద పురాణము చెప్పిన శాస్త్రిగారును, జాతరలో బుఱ్ఱకథ చెప్పిన దళమును, చిడతలు పట్టిన హరికథకుడును చిరకాలము మన జాతికి గ్రంథాలయములై యుండిరి. అచ్చుయంత్రము వచ్చిన పిమ్మట చదువు ఒంటరిపని యైనది. పెదవి కదలకుండ చదువుకొనుట నాగరికుని లక్షణ మనిపించుకొన్నది. కాని చూపు లేనివారికిని, చూపు మందగించిన వృద్ధులకును, తెలుగు మాటాడ వచ్చియు తెలుగు లిపి నేర్వని బిడ్డలకును అచ్చుపుస్తకము మూసిన తలుపే. ఆ తలుపును తెఱచుటకు నేడు ఉపకరించుచున్న సాధన మొకటి కలదు. అది మొదట వినోదముగా పుట్టి, తరువాత శాస్త్రమై, కడపట పనిముట్టైనది. వ్రాసినదానిని చదివి వినిపించు యంత్రమే ఆ సాధనము.

నేడు ఒక చిన్న పెన్‌డ్రైవులో ఇమిడి, దొరికిన కంప్యూటరునకు తగిలించినంతనే, ఇంటర్నెట్టుతో పని లేకుండ, మనుష్యకంఠమునకు చాల దగ్గరైన కంఠముతో చదువగల సాఫ్టువేరు సామాన్యునకు ఉచితముగా లభించుచున్నది. ఈ ఒక్క వాక్యములో నాలుగు గుణములు చెప్పబడినవి: చదువుట, వెంట తీసికొనిపోవ వీలగుట, పరాధీనము కాకుండుట, సహజముగా పలుకుట. ఇవి ఒక్కచోట కూడుటకు రెండున్నర శతాబ్దములు పట్టినది. ఒకటి దక్కినపుడు మరియొకటి చేజారుచు వచ్చినది. ఆ కథను కొంత తెలిసికొన్నచో రచయితలమైన మనకు ఇందు గల పాత్ర యేదో తేటపడగలదు.

1769లో వియన్నా ఆస్థానోద్యోగి యగు వుల్ఫ్‌గాంగ్ ఫాన్ కెంపెలెన్ మాటాడు యంత్రమును నిర్మింప పూనుకొనెను. ఊపిరితిత్తులకు బదులు కొలిమితిత్తివంటి తిత్తి, కంఠమునకు బదులు సన్నాయి పీకవలె కంపించు సన్నని పలుక, నోటికి బదులు మెత్తని గొట్టము అమర్చి, ఆ గొట్టపు నోటిని అరచేతితో మూయుచు తెఱచుచు ఆతడు మాటలు పలికించెను. ఇరువది యేండ్ల పరిశ్రమ పిమ్మట, 1791లో, మానవవాక్కు పుట్టు విధమును గూర్చి గొప్ప గ్రంథమును ప్రకటించెను. అయితే ఇతడే 1770లో చదరంగ మాడు యంత్రమును కూడ చూపి యుండెను. దానిలో ఒక ఆటగాడు దాగి యుండెడివాడు. ఆ మాయ కారణముగా ఇతని నిజమైన పరిశ్రమను సైతము శంకించినవారు కలరు. అదే కాలమున సెయింట్ పీటర్స్‌బర్గులోని శాస్త్ర పరిషత్తు అచ్చుల స్వభావమును గూర్చి బహుమతి ప్రకటింపగా, క్రాట్జెన్‌స్టైన్ అను పండితుడు ఐదు అచ్చులను పలుకు ఐదు గొట్టములను చేసి దానిని గెలిచెను.

ఇచట మన శిక్షాశాస్త్రము స్ఫురింపక మానదు. కంఠము, తాలువు, మూర్ధము, దంతము, ఓష్ఠము అని స్థానములను, స్పృష్టాది ప్రయత్నములను విభజించి వర్ణోత్పత్తిని నిరూపించిన ప్రాతిశాఖ్యకర్తలు మనకు రెండు వేల యేండ్లకు పూర్వమే కలరు. కాని వారి ధ్యేయము వేదోచ్చారణ చెడకుండుట. శిష్యుని నోరే వారికి యంత్రము. కెంపెలెన్ నోటిని విడగొట్టి చూచి, కొయ్యతోను తోలుతోను మరల కూర్చ యత్నించినాడు. ఇద్దరి జ్ఞానమును ఒక్కటే, ప్రయోజనములు వేరు.

పందొమ్మిదవ శతాబ్దిలో ఇంగ్లండు శాస్త్రజ్ఞుడు వీట్‌స్టన్ కెంపెలెన్ యంత్రమును పునర్నిర్మించెను. 1863లో దానిని చూచిన బాలు డొకడు అన్నతో కలిసి తానును మాటాడు తల నొకదానిని తయారు చేసెను. ఆ బాలుడే అలెగ్జాండర్ గ్రాహంబెల్. 1846లో జోసెఫ్ ఫాబర్ అనువాడు లండనులోని ఈజిప్షియన్ హాలులో మీటలపలక గల మరియొక వాగ్యంత్రమును ప్రదర్శించి యుండెను. 1939లో న్యూయార్కు ప్రపంచ ప్రదర్శనమున బెల్ పరిశోధనాలయమువారు విద్యుత్తుతో పలుకు వోడర్ అను సాధనమును చూపిరి. దానిని తడబడకుండ పలికించుటకు స్త్రీలకు ఒక యేడాది సాధన కావలసి వచ్చినది.

కెంపెలెన్ మొదలు వోడర్ వఱకు వచ్చినవన్నియు వాద్యములే. వాయించువారు లేనిదే వీణ పలుకనట్లు, చేయి లేనిదే ఇవి పలుకవు. ఇవి మాటాడినవి గాని చదువలేదు. చదువుటకు అక్షరము గుర్తించు తెలివి కావలెను. అది కంప్యూటరుతో వచ్చినది.

1961లో బెల్ పరిశోధనాలయమున ఐబీఎం కంప్యూటరుచేత ఒక ఇంగ్లీషు పాటను పాడించిరి. అది వినిన ఆర్థర్ క్లార్కు, 1968లో వెలువడిన తన అంతరిక్ష కథలో మరణించుచున్న యంత్రముచేత ఆ పాటనే పాడించెను. ఆ 1968లోనే జపానులో నోరికో ఉమెడా మున్నగువారు ఇంగ్లీషు వ్రాతను మొత్తముగా చదువగల వ్యవస్థను సిద్ధపఱచిరి. 1976లో రే కర్జ్‌వైల్, అచ్చుపుటను చూచి పైకి చదువు యంత్రమును అంధుల ఉపయోగార్థము లోకమునకు చూపెను. అది బల్లమీద పెట్టదగినది గాని చేతిసంచిలో పట్టునది కాదు. సామాన్యుడు కొనగలిగినదియు కాదు.

ఈ దశలో అందరికంటె స్మరింపదగినవాడు మసాచుసెట్స్ సాంకేతిక విద్యాసంస్థలో పనిచేసిన డెన్నిస్ క్లాట్. కంఠధ్వనిలోని ముఖ్యమైన అనునాదములను గణితసూత్రములుగా మార్చి, వానినుండి మాటను పుట్టించు పద్ధతిని ఆతడు పరిపుష్టము చేసెను. 1980 దశాబ్ది నడుమ ప్రసిద్ధికెక్కిన డెక్‌టాక్ యంత్రములోని ముఖ్య కంఠమునకు ఆతని స్వంత గొంతే మూలము. 1985లో స్టీఫెన్ హాకింగ్ శస్త్రచికిత్సవలన మాట పోగొట్టుకొన్న పిమ్మట ఆయనకు లభించిన గొంతు క్లాట్ పరిశోధననుండి వచ్చినదే. క్లాట్ 1988లో చనిపోయెను. హాకింగ్ 2018 వఱకు ఆ గొంతుతోనే లోకముతో మాటాడెను. అంతకంటె మెఱుగైన గొంతులు వచ్చినను మార్చుకొనలేదు. లోహపు ఝంకారము గల ఆ అమెరికా యాస ఆ ఆంగ్లేయుని స్వంతమై పోయెను. గొంతునకు సహజత్వమే సర్వస్వము కాదని, దానిని పలుకువాడు తనదిగా భావించుటయు ఒక సత్యమని ఇది తెలుపుచున్నది.

సూత్రములతో పుట్టించిన ఈ గొంతునకు ఒక సుగుణము కలదు. అది అత్యల్పమైన చోటులో ఇముడును. 1995లో జొనాథన్ డడింగ్‌టన్ అను ఇంగ్లండు దేశీయుడు తన చిన్న కంప్యూటరుకొరకు ప్రారంభించిన పలుకు సాఫ్టువేరు 2006లో ఈ-స్పీక్ అను పేర ఎల్లరకు ఉచితముగా లభించెను. అది కేవలము రెండు మెగాబైట్ల పరిమాణము కలది. నేటి ఫోనులో తీసిన ఒక్క ఛాయాచిత్రము పట్టు చోటు. 2015 నుండి మరికొందరు దానిని పెంచి పోషించుచున్నారు. నూటికి మించిన భాషలు దానికి వచ్చును. వానిలో తెలుగును కలదు.

ఆ 2006లోనే ఆస్ట్రేలియాలో మైకేల్ కరన్ అను అంధయువకుడు, కంప్యూటరు తెరపై నున్నదానిని చదివి వినిపించు ఎన్వీడీఏ అను స్క్రీన్ రీడరును వ్రాయ నారంభించెను. ఆతనికి జేమ్స్ టే అను మరియొక అంధమిత్రుడు తోడయ్యెను. అప్పటికి అట్టి సాఫ్టువేరు లున్నను వాని వెల కంప్యూటరు వెలను మించునంత యుండెడిది. చూచువాడు ఊరక చూచుచుండగా చూడలేనివాడు చూపునకు వెల చెల్లింప నేల యని వారి ప్రశ్న. వారు ఈ-స్పీకును గొంతుగా అమర్చుకొని తమ సాఫ్టువేరును ఉచితముగా ఇచ్చిరి. దానిని పెన్‌డ్రైవులో వేసికొని, గ్రంథాలయములోనో కార్యాలయములోనో స్నేహితుని ఇంటనో ఉన్న కంప్యూటరులో, దానిపై ఏమియు స్థాపింపకుండ, నడుపుకొనవచ్చును. చూపు లేనివాడు తన కన్నులను జేబులో వేసికొని తిరుగుట అప్పుడు సాధ్యమైనది.

అయితే ఆ గొంతు సహజము కాదు. మొదటిమారు విన్నవారు తగరపు డబ్బాలో మాటాడినట్లున్నదని ముఖము చిట్లించుకొందురు. కాని అలవాటుపడిన అంధపాఠకులు అనేకులు ఆ గొంతునే కోరుదురు. మన కంఠము పలుకు వేగమునకు రెండు మూడు రెట్ల వేగమున దానిని నడిపినను అక్షరము స్పష్టముగా నుండును. తియ్యని గొంతులు ఆ వేగమున చెదరిపోవును. లెక్కలు, ఉత్తరములు, వార్తలు చూచుకొనువానికి వేగము కావలెను. కథయు కవిత్వమును వినువానికి గొంతు కావలెను. సహజత్వ మనునది సాహిత్యమునకే యెక్కువ అవసర మని దీనివలన తేలుచున్నది. కావుననే ఈ విషయము సాహిత్యపత్రికలో చర్చింపదగినదైనది.

భారతదేశమున ఈ కృషి ఆలస్యముగా మొదలైనను స్వతంత్రమైన ఆలోచనతో మొదలైనది. 2002 ప్రాంతమున బెంగుళూరులో రూపొందిన సింప్యూటర్ అను చేతి కంప్యూటరు, చదువురాని గ్రామీణునకు అతని భాషలోనే చదివి వినిపింపవలె నను సంకల్పముతో పుట్టినది. ధ్వని అను పలుకు సాఫ్టువేరు దానికై తయారైనది. సింప్యూటరు వ్యాపారములో నిలువలేదు. కాని, వెంట తీసికొనిపోదగినది, ఇంటర్నెట్టు లేకున్నను దేశభాషలలో పలుకునది అను ఆదర్శమును మనదేశమున మొదట చాటినవానిలో అది యొకటి.

హైదరాబాదులోని ట్రిపుల్ ఐటీ పరిశోధకులు ఆ కాలముననే మరియొక మార్గము పట్టిరి. గొంతును సూత్రములతో పుట్టింపక, మనుష్యుడు చదివినదానిని రికార్డు చేసి, ముక్కలుగా కోసి, కావలసినపుడు అతుకు పద్ధతి అది. ముక్క యెంత యుండవలెను? ఇంగ్లీషు పరిశోధకులు వర్ణమును, వర్ణార్ధమును తీసికొనుచుండిరి. భారతీయ భాషలకు అక్షరమే తగిన కొలత యని హైదరాబాదు పరిశోధకులు 2002, 2003 సంవత్సరములలో ప్రయోగపూర్వకముగా చూపిరి. హల్లును అచ్చును విడదీయక గుణింతముగా నేర్చుకొన్న మనకు ఇది వింత గాదు. క, కా, కి, కీ అని పలకమీద దిద్దించిన పంతులుగారు ఈ సిద్ధాంతమును ఎప్పుడో ఆచరణలో పెట్టిరి. 2012లో ఆ సంస్థవారు తెలుగు సహా ఏడు భాషలలో ఒక్కొక్క దానికి వేయి వాక్యముల చొప్పున చదివించి, ఆ ధ్వనిసంపుటములను ఎల్లరకు ఇచ్చిరి. మద్రాసు ఐఐటీ నాయకత్వమున అనేక విద్యాసంస్థలు కలిసి పదుమూడు భాషలకు గొంతులు సమకూర్చినవి.

తెలుగు చదువుట యంత్రమునకు సులభమని యొక అభిప్రాయము కలదు. వ్రాసినట్లే పలుకుదుము, పలికినట్లే వ్రాయుదుము అని మనము గర్వింతుము. ఇంగ్లీషుతో పోల్చినచో అది నిజమే. హిందీలో పదాంతముననున్న అకారము పలుకబడదు. తమిళమున ఒక్క అక్షరమే చోటునుబట్టి పరుషముగను సరళముగను పలుకును. మనది అజంతభాష, ఆ చిక్కులు లేవు. అయినను చెవియొగ్గి వినినచో మన లిపియు కొన్నింటిని దాచుచున్నదని తెలియును.

సున్నను చూడుడు. పంటలో అది ణకారము, పందిలో నకారము, కంపలో మకారము. సింహములోను సంశయములోను వేరొకటి. చలి యనునప్పటి చకారము దంత్యము. చంద్రుడనునప్పటి చకారము తాలవ్యము. దేశ్యపదమో తత్సమమో తెలియనిదే యంత్రము ఏది పలుకవలెను? ఆ భేదము చూపుటకు పూర్వులు వాడిన ౘకార ౙకారములను మనము విడిచిపెట్టితిమి. వచ్చాడు, చెప్పాడు అను మాటలలోని దీర్ఘము, కోస్తా శిష్టవ్యవహారమున, తాతలోని దీర్ఘము కాదు. బ్యాంకులోని అచ్చునకు దగ్గరైనది. ఆ అచ్చునకు మన వర్ణమాలలో గుర్తే లేదు. వాడుకభాషను వ్రాతలోనికి తెచ్చుటకు గిడుగు రామమూర్తిగారు జీవితమంతయు పోరాడిరి. వాడుకభాష వ్రాతలోనికి వచ్చినది గాని, వాడుక ఉచ్చారణ ఇంకను వ్రాతకు వెలుపలనే యున్నది. ఆ సంగతిని పండితులకంటె ఈ యంత్రములే నేడు స్పష్టముగా చూపుచున్నవి.

అంకెలును అంతే. 1947 అను అంకె సంవత్సర మైనపుడు ఒక తీరుగను, రూపాయలైనపుడు ఒక తీరుగను చదువవలెను. పద్యమున చిక్కు మరింత యెక్కువ. మన వృత్తములలో పాదము ముగిసినచోట మాట ముగియదు. మాట నడుమ విరిగి రెండవ పాదములోనికి పోవును. మనుష్యుడు అర్థమును పట్టుకొని చదువును. యంత్రము పంక్తి చివర నిలిచి, మాటను రెండుగా తెంచును. పెద్ద సమాసములో ఎచట ఊపిరి తీయవలెనో దానికి తెలియదు. యతిస్థానమును గుర్తించి పద్యమును విఱిచి చెప్పగల గొంతు ఇంకను మనుష్యునిదే.

ముక్కలతికిన గొంతులు మొదటి సూత్రముల గొంతులకంటె తియ్యనివి, కాని బరువైనవి. 2016లో గూగులునకు చెందిన డీప్‌మైండ్ సంస్థ వేవ్‌నెట్ అను పద్ధతిని ప్రకటించినది. గంటలకొలది మానవకంఠమును వినిపించి, దాని తీరును యంత్రమే నేర్చుకొనునట్లు చేసిరి. వచ్చిన గొంతు అదివఱకు విననంత సహజముగా నుండెను. అయితే ఆ గొంతు మన యింట ఉండదు. వ్రాత మన యింటినుండి దూరదేశపు యంత్రశాలకు పోయి, అచట గొంతుగా మారి, తిరిగి రావలెను. సహజత్వము దక్కినది, స్వాతంత్ర్యము చేజారినది.

ఇది సామాన్యమైన నష్టము కాదు. ఇంటర్నెట్టు అందని ఊరిలో ఆ గొంతు మూగవోవును. ఇంటి ఉత్తరములు, వైద్యుని కాగితములు, బ్యాంకు లెక్కలు చదివించుకొనవలసిన అంధుడు వానిని తన కెఱుకలేనివారి చేతికి పంపవలెను. అచ్చుకాని వ్రాతప్రతిని వినదలచిన రచయితయు అట్లే పంపవలెను. ఆ వ్యాపారసంస్థ ఆ సేవను నిలిపివేసిననాడు, అలవాటుపడిన గొంతు ఒక్కసారిగా మాయమగును.

పోయిన స్వాతంత్ర్యము ఐదారేండ్లలోనే తిరిగి వచ్చినది. 2021లో కొరియా పరిశోధకులు విట్స్ అను పేర, వ్రాతనుండి ధ్వనిని ఒక్క దఫాలో పుట్టించు పద్ధతిని ప్రకటించిరి. 2023లో మైకేల్ హాన్‌సెన్ దానిని ఆధారము చేసికొని పైపర్ అను సాఫ్టువేరును ఉచితముగా వెలువరించెను. అది అరచేతిలో పట్టు రాస్ప్‌బెర్రీ పై అను చౌక కంప్యూటరులోను, ఇంటర్నెట్టు లేకుండ, చకచక పలుకును. మధ్యమ శ్రేణి గొంతు ఒక్కొక్కటి సుమారు 60 మెగాబైట్లు. చిన్న పెన్‌డ్రైవులో పదుల గొంతులు పట్టును. దానికి తెలుగు గొంతులును వచ్చినవి. మొబైలు ఫోనులలో ఇంటర్నెట్టు లేకుండ తెలుగు మున్నగు భారతీయ భాషలు చదువుటకు హియర్‌టురీడ్ అను స్వచ్ఛంద ప్రయత్నము అంతకుముందే మార్గము చూపి యుండెను.

పైపర్ గొంతు లోపల ఒక విశేషము కలదు. వ్రాతలోని అక్షరములను వర్ణములుగా మార్చుపనిని అది స్వయముగా చేయదు. పాత ఈ-స్పీకు సూత్రములకు అప్పగించును. తగరపుడబ్బా గొంతని తీసివేయబడినదే నేడు తియ్యని గొంతునకు పునాదిరాయి. కావున ఆ పాత సూత్రములలో తెలుగు ఉచ్చారణ తప్పైనచో, క్రొత్త గొంతు ఆ తప్పునే తియ్యగా పలుకుటకు అవకాశ మెక్కువ. ఆ సూత్రములు రహస్యములు కావు. ఎవరైనను చూడవచ్చును, దిద్దుబాటు సూచింపవచ్చును. దంత్యతాలవ్యముల భేదము, సున్న పలుకుబడి తెలిసిన తెలుగు పండితులు దేశమంతట కలరు. వారి చేయి ఆ పనికి తగులవలసి యున్నది.

గొంతునకు గొంతే పెట్టుబడి. ఇంగ్లీషు గొంతులు నేర్పుటకు పరిశోధకులు మిక్కిలిగా వాడిన ధ్వనిసంపుటము 2017లో వెలువడినది. అందు 13,100 ముక్కలు, సుమారు 24 గంటల పఠనము కలవు. అది ఒక స్త్రీ కంఠము. లిబ్రివాక్స్ అను స్వచ్ఛందోద్యమమున ఎల్లరు వినుటకై ఆమె పుస్తకములు చదివి ఉచితముగా ఇచ్చెను. తన గొంతు లోకమందలి యంత్రములకు ఒజ్జబంతి యగునని చదువునపుడు ఆమె తలచి యుండదు. ఉచితముగా ఇచ్చిన పఠనము ఇట్లు ఫలించుట మంచిదే. కాని నేడు కొద్ది నిమిషముల పలుకు దొరికినను మరియొకరి గొంతును అనుకరింపవచ్చును. ఆకాశవాణి కళాకారులు, రంగస్థల నటులు, పద్యపఠనమున పేరుగన్నవారు విడిచిన రికార్డులు మనకు ఎన్నియో కలవు. వారిని, వారి కుటుంబమువారిని అడుగకుండ ఆ గొంతులను యంత్రమునకు అప్పగించుట దొంగతన మనియే నా అభిప్రాయము. అడిగి, గౌరవించి, పేరుపెట్టి తీసికొన్నచో అది వారికి నిలువెత్తు విగ్రహమునకంటె మేలైన స్మారకము.

రచయితల హక్కుల ప్రశ్నయు ఇచట తలయెత్తినది. 2009 ఫిబ్రవరిలో అమెజాన్ సంస్థ తన రెండవ కిండిల్ సాధనమునకు పుస్తకమును పైకి చదువు శక్తి నిచ్చెను. అమెరికాలోని ఆథర్స్ గిల్డ్ అభ్యంతరము చెప్పెను. పుస్తకమును అమ్మితిమి గాని దానిని వినిపించు హక్కును అమ్మలేదని, ఆడియో పుస్తకములవలన వచ్చు ఆదాయము పోవునని వారి వాదము. అమెజాన్ వెనుకకు తగ్గి, హక్కుదారు వలదన్న పుస్తకమునకు నోరు మూయుట కంగీకరించెను. ఏప్రిలులో అంధులును వారి మిత్రులును న్యూయార్కులోని గిల్డు కార్యాలయము ఎదుట నిలిచి నిరసన తెలిపిరి. వారు ఉచితముగా ఇమ్మని యడుగలేదు. కొన్న పుస్తకమును చదువుకొననిమ్మని యడిగిరి. కలముమీద బ్రదుకువాడు తన కూటికి భయపడుట తప్పు కాదు. కాని ఆ భయమునకు తలుపు మూతపడినది ఎవరి ముఖముమీద అనునది చూడవలెను.

మనదేశము ఈ విషయమున ముందడుగు వేసినది. 2012లో సవరింపబడిన కాపీరైటు చట్టము, వికలాంగులు చదువుకొనదగు రూపములోనికి గ్రంథములను లాభాపేక్ష లేకుండ మార్చుటకు అనుమతించినది. 2013లో మరాకేష్ నగరమున ఇదే ఉద్దేశముతో అంతర్జాతీయ ఒడంబడిక కుదిరినది. 2014 జూన్‌లో దానిని ఆమోదించిన మొదటి దేశము భారతదేశమే. అది 2016 సెప్టెంబరులో అమలులోనికి వచ్చినది. అదే యేట సుగమ్య పుస్తకాలయ మను ఆన్‌లైను గ్రంథాలయమును మనదేశమున వెలసినది. చట్టమును, గ్రంథాలయమును, చదువు యంత్రమును సిద్ధములే. ఇక కావలసినది పుస్తకము.

ఆ పుస్తక మేది యన్న ప్రశ్న నాకు స్వానుభవమున ఎదురైనది. నేను లోగడ చేసిన యొక అనువాదగ్రంథపు కంప్యూటరు ప్రతి, అచ్చువేసినవారు ఇచ్చినది, నా యొద్ద కలదు. దానిని ఈ చదువు యంత్రమునకు ఇచ్చి కూర్చుంటిని. అది ఒక్క తెలుగుమాట పలుకలేదు. ఇంగ్లీషు అక్షరములు, విరామచిహ్నములు, వికారధ్వనులు ఏకరువు పెట్టినది. తప్పు యంత్రముది కాదు. ఆ గ్రంథము యూనికోడ్ లిపిలో లేదు. కంటికి తెలుగుగా కనబడునట్లు ఇంగ్లీషు అక్షరస్థానములలో తెలుగు బొమ్మలు పెట్టిన పాత ఫాంటులో నున్నది. కాగితముపై అది పోతన్నకు కూడ పోల్చుకొనదగిన తెలుగు. యంత్రమునకు మాత్రము అది ఏ భాషయు కాదు. యూనికోడ్‌లో తెలుగునకు 1991లోనే స్థానము దొరకినను, మన అచ్చుకూటములు చిరకాలము పాత ఫాంటులతోనే పుస్తకములు కూర్చినవి. దశాబ్దముల సాహిత్య మట్లు మూగగా నున్నది. దానిని మార్చు సాధనములు కలవు. మార్చిన పిమ్మట ఒత్తులు, దీర్ఘములు ఓపికతో సరిచూచువారు కావలెను.

ఆ గ్రంథమును నేను మార్చితిని. మార్చిన ప్రతిని యంత్రముచేత చదివించుచు, చేతిలో అచ్చుపుస్తకము పట్టుకొని, అధ్యాయము వెంట అధ్యాయము వింటిని. అచ్చులో ముమ్మారు చదివి సరియని పంపిన పుటలలో, పునరుక్తములు, జారిన అక్షరములు, ఊపిరాడని వాక్యములు చెవికి తగిలినవి. మన కన్ను వ్రాయదలచినదానిని చదువును. యంత్రము వ్రాసినదానినే చదువును. దానికి రచయితపై దయ లేదు. అనువాదకునకు అట్టి నిర్దయుడైన శ్రోత మిక్కిలి అవసరము. మూలభాష వాసన వేయు వాక్యము కంటిని మోసగించును గాని చెవిని మోసగింపలేదు.

ఇంకొక లోపమును చెప్పక తప్పదు. నేటి తెలుగు గొంతులు చాలవఱకు వార్తలు చదువు గొంతులు. పాలమూరు మాటను, అనంతపురము మాటను, శ్రీకాకుళము మాటను అవి ఒక్కతీరుగనే పలుకును. మాండలికమున ప్రాణముపోసి వ్రాసిన కథ ఆ నోట వినినపుడు, ఊరిమనిషికి పట్టణపు చొక్కా తొడిగినట్లుండును. దీనికి విరుగుడు యంత్రమును నిందించుట కాదు. ఆయా ప్రాంతముల రచయితలు తమ కథలను తమ గొంతుతో చదివి, తమ సమ్మతితో, తమ షరతులతో ధ్వనిసంపుటములుగా నిలుపుట. ఆ పని పెట్టుబడిదారు చేయడు. అతనికి వార్తల గొంతు చాలును.

తెలుగునాటికి వెలుపలనున్న తెలుగువారి యిండ్లలో, బెంగుళూరులోను చెన్నపట్టణములోను ఖరగ్‌పూరులోను అమెరికాలోను, ఇంట తెలుగు మాటాడి బడిలో వేరొక లిపి నేర్చిన బిడ్డలు కలరు. మన పుస్తకము వారికి కనబడును గాని వినబడదు. అవ్వ చెప్పిన కథ అర్థమైనట్లే, యంత్రము చదివిన కథయు వారికి అర్థమగును. వినిన రుచి కొందరినైనను అక్షరమువఱకు తీసికొని రావచ్చును.

అరుగుమీది శాస్త్రిగారి స్థానమును ఈ యంత్రము పొందలేదు. ఆయన శ్రోతల ముఖము చూచి కథ నడిపెను; కన్నీరు కనబడినచోట నిలిచెను. యంత్రము ఎవరి ముఖమును చూడదు. కాని అర్ధరాత్రివేళ, ఎవరిని లేపనక్కఱ లేకుండ, ఎవరిని బతిమాలనక్కఱ లేకుండ, చూపులేని పాఠకుడు తనకిష్టమైన పుస్తకమును తానే తెఱచి వినగలుగుట శాస్త్రిగారును ఇవ్వలేని స్వేచ్ఛ. మన పుస్తకము ఆ రాత్రి నోరు విప్పునో, మూగగా నుండునో యంత్రము చేతిలో లేదు. అది మన ప్రతిని మనము ఏ లిపిలో, ఏ అనుమతితో విడిచిపోవుదుమో దానినిబట్టి యుండును.